ఎవరి పక్కన ఎవరు నిలబడాలి?

డెబ్బై, ఎనభై దశకాల్లో బ్రిటిష్ టీవీలో వచ్చిన కొన్ని కామెడీ సీరియల్స్‌కు ఒకే తరహా ముగింపు ఉండేది. కథ అయిపోగానే 'మీరు ఇంతసేపూ చూసినది వీరిని' అన్న అర్థం వచ్చే మాట తెర మీద పడేది. ఆ తర్వాత నటులు ఒక్కొక్కరుగా కాసేపు కనిపించేవారు, కింద వాళ్ల పేర్లు పడేవి. ముఖ్యపాత్ర వేసినవాడికి ఎంత సమయమో, రెండు మాటల వేషం వేసినవాడికీ ఇంచుమించు అంతే. ఈ పద్ధతి డేవిడ్ క్రాఫ్ట్‌ది. ఆ సీరియల్స్‌కు నిర్మాత ఆయనే, చాలా వాటికి దర్శకుడూ ఆయనే, రచనలోనూ సగపాలు ఆయనదే. కామెడీ అనగానే మనకు డైలాగు రాసినవాడో, దాన్ని పేల్చినవాడో గుర్తొస్తాడు. క్రాఫ్ట్ చేసిన పనిని వరసగా చూస్తే మూడో మనిషిని కూడా లెక్కలోకి తీసుకోవాలి. ఏ వేషానికి ఎవరు, ఎవరి పక్కన ఎవరు, కెమెరా ఎవరి మొహం మీద ఆగాలి అని తేల్చేవాడు ఆ మూడో మనిషి. టీవీ హాస్యంలో అసలు రచన చాలావరకు అక్కడే జరుగుతుందని నా వాదన.

ఆయన 1922లో ఇంగ్లండ్ దక్షిణ తీరాన, డోర్సెట్‌లోని శాండ్‌బ్యాంక్స్‌లో పుట్టాడు. తల్లి ఆనీ క్రాఫ్ట్ రంగస్థల నటి, తండ్రి రెజినాల్డ్ షార్లాండ్ కూడా నటుడే. యుద్ధకాలంలో రాయల్ ఆర్టిలరీలో చేరి ఉత్తర ఆఫ్రికా, ఇండియా, సింగపూర్ తిరిగి మేజర్ హోదా దాకా వెళ్లాడు. తర్వాత కొన్నేళ్లు పాడాడు, నటించాడు, పాంటోమైమ్‌లకు రాశాడు, బట్లిన్స్ హాలిడే క్యాంపుల్లో షోలు వేయించాడు. టీవీలో దర్శకత్వం నేర్చుకున్నది న్యూకాజిల్‌లో, 1959లో మొదలైన టైన్ టీస్ కంపెనీలో. అక్కడి నుంచి బీబీసీకి వచ్చాడు. ఆనాటి బీబీసీ వినోద విభాగంలో చాలాసార్లు నిర్మాతే దర్శకుడు కూడా. బయటి దృశ్యాలు ముందే ఫిల్మ్ మీద తీసేవారు. మిగతాది వారమంతా రిహార్సల్ చేసి, ఒక సాయంత్రం స్టూడియోలో జనం ఎదుట నాలుగైదు కెమెరాలతో రికార్డు చేసేవారు. పొరపాటు జరిగితే మళ్లీ తీయొచ్చు, కానీ మొదటిసారి నవ్విన జనం రెండోసారి అంత గట్టిగా నవ్వరు. కాబట్టి ముందే సిద్ధం చేసుకున్నవాడిదే గెలుపు. అలా సిద్ధం చేయడంలో క్రాఫ్ట్‌ది సైనికాధికారి క్రమశిక్షణ.

'డాడ్స్ ఆర్మీ' పుట్టుక చూడండి. 1967లో జిమ్మీ పెర్రీ అనే చిన్న నటుడు, క్రాఫ్ట్ తీస్తున్న ఓ సీరియల్‌లో వేషం వేస్తూ, తాను రాసిన స్క్రిప్టు ఆయన చేతిలో పెట్టాడు. పెర్రీకి ఏజెంటు క్రాఫ్ట్ భార్యే. పెర్రీ కుర్రతనంలో హోమ్ గార్డ్‌లో పనిచేశాడు. 1940లో జర్మనీ దండెత్తుతుందన్న భయంతో, సైన్యానికి పనికిరాని ముసలివాళ్లనూ కుర్రవాళ్లనూ కూడగట్టి కట్టిన దళం అది. కామెడీ విభాగం అధిపతి మైకేల్ మిల్స్‌కు కథ నచ్చింది, సీరియల్‌కు ఆ పేరు పెట్టిందీ ఆయనే. పైవాళ్లకు మాత్రం గుబులు. మొదట్లో నిజమైన యుద్ధ దృశ్యాలు వేద్దామంటే బీబీసీ1 అధిపతి పాల్ ఫాక్స్ ఒప్పుకోలేదు. దాంతో మ్యాపు మీద బాణాలు పాకే బొమ్మ వచ్చింది. ప్రసారానికి ముందు కొందరికి చూపిస్తే వాళ్లు పెదవి విరిచారట. ఆ నివేదిక క్రాఫ్ట్ బల్ల మీద కాగితాల అడుగున ఉండిపోయిందనీ, సీరియల్‌కు పేరొచ్చాక గానీ ఆయన కంట పడలేదనీ అంటారు. నిజమైతే ఆ కాగితాల కట్టకు బ్రిటన్ రుణపడి ఉంది. 1968 జులై 31న మొదలై 1977 దాకా 80 ఎపిసోడ్లు నడిచింది.

తారాగణంలో ఉన్న కిటుకు తేలిగ్గా కనబడదు. కెప్టెన్ మైన్వేరింగ్ ఊళ్లో బ్యాంకు మేనేజరు, కష్టపడి పైకొచ్చిన మధ్యతరగతి మనిషి. అతని కింద సార్జెంట్ విల్సన్ పెద్దింటి బిడ్డ, ఖరీదైన స్కూల్లో చదివినవాడు. మొహాలు చూసి వేషాలు పంచే నిర్మాత అయితే సొగసైన జాన్ లె మెజురియర్‌ను కెప్టెన్ చేసి, పొట్టి బట్టతల ఆర్థర్ లోను సార్జెంట్ చేసేవాడు. ఇక్కడ తిరగేశారు. ఇంగ్లండ్ వర్గభేదాల గురించి ఉపన్యాసం అక్కర్లేకుండానే, ఈ ఇద్దరూ పక్కపక్కన నిలబడితే చాలు, విల్సన్ 'అలా చేయడం మంచిదేనంటారా సార్' అని మెత్తగా అడిగితే చాలు, నవ్వు దానంతటదే వచ్చేది. దళంలోని ముసలి గాడ్‌ఫ్రే వేషం వేసిన ఆర్నాల్డ్ రిడ్లీ మొదటి ప్రపంచయుద్ధంలో తీవ్రంగా గాయపడ్డవాడు. అలాంటివాడి చేత, ఆ యుద్ధంలో తుపాకీ పట్టనన్న శాంతివాది పాత్ర వేయించారు. ప్రేక్షకుడికి ఈ సంగతి తెలియకపోయినా ఆ పాత్ర బరువు తెలుస్తుంది.

ఈ సీరియల్‌లో అందరికీ గుర్తున్న జోకు 1973 నాటిది. పట్టుబడ్డ జర్మన్ సబ్‌మెరీన్ కెప్టెన్, యుద్ధం గెలిచాక ఎవరెవరి పని పట్టాలో పుస్తకంలో పేర్లు రాసుకుంటుంటాడు. దళంలో అందరికంటే చిన్నవాడు హిట్లర్‌ను వెక్కిరిస్తూ పాడతాడు. నీ పేరూ రాస్తాను, ఏం పేరని జర్మన్ అడుగుతాడు. చెప్పనివ్వకుండా మైన్వేరింగ్ అధికార స్వరంతో అడ్డుపడతాడు: 'చెప్పకు, పైక్!' కాగితం మీద ఇందులో ఏముంది? ఏమీ లేదు. కుర్రవాణ్ణి కాపాడాలన్న నిజాయితీ, తానే తెలివైనవాణ్ణన్న ధీమా, రెండూ ఒకే మొహంలో కనబడే నటుడు కావాలి. ఆ మొహాన్ని ఐదు సిరీస్‌ల పాటు జనానికి అలవాటు చేసి ఉండాలి. అప్పుడే అది పేలుతుంది.

ఇక్కడ ఒక అభ్యంతరం సహజం. కథ పెర్రీది, అనుభవం పెర్రీది, క్రాఫ్ట్‌కు ఇంత ఘనత దేనికి? పైగా నటుల్లో కొందరి పేర్లు మిల్స్ సూచించినవే. మైన్వేరింగ్ వేషానికి ముందు అడిగింది థార్లీ వాల్టర్స్‌ను, ఆయన కాదన్నాకే ఆర్థర్ లో వచ్చాడు. ఇవన్నీ నిజమే. కానీ క్రాఫ్ట్ మరో జోడీదారు జెరెమీ లాయిడ్‌ను చూడండి. లాయిడ్ ఒకప్పుడు లండన్‌లోని సింప్సన్స్ దుకాణంలో సూట్లు అమ్మాడు. ఆ అనుభవం నుంచి 1972లో 'ఆర్ యూ బీయింగ్ సర్వ్‌డ్?' వచ్చింది. పెర్రీకీ లాయిడ్‌కూ హాస్యంలో పోలికే లేదు. ఒకరిది జ్ఞాపకం, మరొకరిది ద్వంద్వార్థాల తుంటరితనం. అయినా ఇద్దరి సీరియల్స్‌లోనూ అస్థిపంజరం ఒకటే. ఒక చిన్న సంస్థ, అందులో మెట్లుమెట్లుగా హోదాలు, పై మెట్టు మీదున్నవాడి బెట్టు, ప్రతి నటుడికీ తనదైన ఒక తీరు, ఒక ఊతపదం. రచయిత మారినా మారనిది ఎవరిదో ఆలోచిస్తే జవాబు దొరుకుతుంది.

అయితే అది మూస కదా అనొచ్చు. మూసే. కానీ మూస ఒక్కటే చాలదని 1977లో ఆయనే రుజువు చేశాడు. దుకాణం సీరియల్‌లో వెలిగిన మోలీ సగ్డెన్‌ను అంతరిక్షంలోకి పంపి 'కమ్ బ్యాక్ మిసెస్ నోవా' తీస్తే, అది కొద్ది ఎపిసోడ్లకే ముగిసింది. నటి అదే, రచయితలు వాళ్లే. లేనిది జనం ఎరిగిన హోదాల లోకం. దానికి భిన్నంగా 1982లో మొదలైన ''అలో 'అలో!' జర్మన్ల ఆక్రమణలో ఉన్న ఫ్రాన్స్‌ను ఎంచుకుని, 1992 దాకా 85 ఎపిసోడ్లు నడిచింది. అందులో అందరూ మాట్లాడేది ఇంగ్లీషే. ఫ్రెంచివాళ్లు ఫ్రెంచి యాసతో, జర్మన్లు జర్మన్ యాసతో, బ్రిటిష్ పైలట్లు పెద్దింటి యాసతో. ఆ పైలట్ల మాట ఫ్రెంచివాళ్లకు ఒక్క ముక్క అర్థం కాదు. ఫ్రెంచి అరకొరగా వచ్చిన ఇంగ్లీషు గూఢచారి పోలీసు వేషంలో వచ్చి అచ్చులన్నీ తారుమారు చేస్తాడు. ఇంత వెర్రి నియమాన్ని ప్రేక్షకుడు క్షణంలో ఒప్పుకున్నాడంటే, దాన్ని ఎక్కడా తప్పనివ్వని దర్శకత్వం వల్లనే.

నా వాదనకు అసలు పరీక్ష మన దేశంలో జరిగే కథ. 'ఇట్ ఏంట్ హాఫ్ హాట్ మమ్' 1974 నుంచి 1981 దాకా వచ్చింది. నాసిక్ దగ్గరి దేవలాలీలో బ్రిటిష్ సైనికుల వినోద బృందం కథ ఇది. పెర్రీ నిజంగానే అక్కడ అలాంటి బృందంలో పనిచేశాడు. అందులో రంగీ రామ్ అనే భారతీయుడి పాత్రకు తెల్లవాడైన మైకేల్ బేట్స్ మొహానికి గోధుమ రంగు పూసుకున్నాడు. బీబీసీ ఇప్పుడు దాన్ని మళ్లీ ప్రసారం చేయదు. సమర్థించేవారు చెప్పే కారణాలున్నాయి. బేట్స్ ఝాన్సీలో పుట్టినవాడు, అక్కడి భాష వచ్చినవాడు. కథలో తెల్ల అధికారులే ఎక్కువగా వెర్రిబాగులవాళ్లవుతారు. అంత అనుభవమున్న భారతీయ నటుడు అప్పట్లో దొరకలేదట. ఈ చివరి మాట నిలవదు. డినో షఫీక్, బాబర్ భట్టీ అదే సీరియల్‌లో చిన్న వేషాల్లో ఉన్నారు, సయీద్ జాఫ్రీ లండన్‌లోనే పనిచేస్తున్నాడు. నటుల ఎంపికే అసలు రచన అని ఒప్పుకుంటే ఈ ఎంపికకూ క్రాఫ్టే బాధ్యుడు, కాలం మీదికి నెట్టేయడం కుదరదు. మెచ్చుకోలుకు ఒక లెక్క, తప్పుకు మరో లెక్క అంటే వాదన కాదు, అభిమానం అవుతుంది.

పెర్రీతో ఆయన చివరి పెద్ద పని 'యూ ర్యాంగ్, మిలార్డ్?' అందులో పాత నటులు పలువురు మళ్లీ కలిశారు. ఈసారి ఎపిసోడు యాభై నిమిషాలు. బ్రిటన్‌లో దానికి 'డాడ్స్ ఆర్మీ' అంతటి పేరు రాలేదు. అయినా పరిచారకుల గదికీ దొరగారి హాలుకీ మధ్య మెట్ల మీద ఎవరు ఎక్కుతున్నారో, ఎవరు దిగుతున్నారో చూస్తూ కూర్చోవచ్చు. క్రాఫ్ట్ 2011 సెప్టెంబరులో పోర్చుగల్‌లో చనిపోయాడు. మైన్వేరింగ్ దళం మాత్రం బీబీసీలో ఇప్పటికీ మళ్లీ మళ్లీ కవాతు చేస్తూనే ఉంది. ఆ నటుల్లో ఎక్కువమంది పోయి దశాబ్దాలు దాటినా కొత్త ప్రేక్షకులు వాళ్ల పేర్లు నేర్చుకుంటున్నారు.