అరపూటలో రాజధాని

తిరుపతి కొండ తొమ్మిదిసార్లు ఎక్కినవారూ, కాశీ వెళ్ళి గంగలో మునిగి వచ్చినవారూ, ఢిల్లీ ఎర్రకోట ముందు తీయించుకున్న ఫొటోను హాల్లో తగిలించుకున్నవారూ మా మేడ్చల్‌లో కావలసినంతమంది ఉన్నారు. "చార్మినారు ఎక్కారా?" అని అడిగితే మాత్రం, "ఆఁ, అదెక్కడికి పోతుంది లెండి! ఎప్పుడైనా చూడవచ్చు" అంటారు. నిజమే. 1591 నుంచీ అది ఎక్కడికీ పోలేదు. పోతున్నది మన మోకాళ్ళలో సత్తువ.

మేడ్చల్ నాగపూరు రోడ్డు మీద ఉన్నది. షామీర్‌పేట కరీంనగరు రోడ్డు మీద ఉన్నది. రెండూ రాజధానికి ఉత్తరపు గుమ్మాలే. అయినా ఈ గుమ్మాల్లో కాపురమున్న మాకు నగరమంటే పని. అమ్మాయి కాలేజీ సీటు, అత్తగారి కంటి ఆపరేషను, పెళ్ళి పట్టుచీరలు, సికిందరాబాదు స్టేషనులో చుట్టాలను రైలెక్కించడం - మేము నగరానికి పోయే కారణాలు ఇవీ. పని ముగిసిందో లేదో తిరుగు బస్సు కోసం పరుగు. "ఊరికే చూచి రావడానికి పోతున్నాం" అని బయలుదేరినవాళ్ళను వేళ్ళమీద లెక్కించవచ్చు. అందులో ఆడవాళ్ళు మరీ తక్కువ.

ఇటువంటివారి కోసమే అరపూట టూరు అనే ఏర్పాటొకటి ఉన్నది. పొద్దున ఎనిమిదిన్నరకు బస్సెక్కించుకుని, నాలుగైదు చోట్లకు తిప్పి, భోజనాల వేళకు వదిలిపెడతారు. వెంట ఒక గైడు ఉంటారు. ఈ మాట చెప్పగానే చదువుకున్నవాళ్ళు నవ్వుతారు. "నాలుగువందల ఏళ్ళ పట్నాన్ని నాలుగు గంటల్లో చూస్తారా? బస్సు కిటికీ చూచి వస్తారు" అని మా కాలేజీ స్టాఫ్ రూములోనే ఎగతాళి విన్నాను. గడిచిన మాఘమాసంలో ఒక ఆదివారం నేనూ, మా ఆవిడా, మా వదినగారూ, ఎనిమిదో తరగతి చదివే మా అమ్మాయీ, ఎదురింటి పెద్దమ్మా కలిసి అటువంటి టూరుకు వెళ్ళివచ్చాము. అరపూట చాలదన్నమాట నిజమే. కాని చాలదని తెలియడానికైనా ఒకసారి వెళ్ళాలి గదా!

ముందు డబ్బు సంగతి. మధ్యతరగతి ఇంట్లో ఏ యాత్ర అయినా పంచాంగం కంటే ముందు పద్దు పుస్తకం చూచి బయలుదేరుతుంది. తెలంగాణలో 2023 డిసెంబరు 9న మహాలక్ష్మి పథకం వచ్చి ఆర్టీసీ సిటీ ఆర్డినరీ, మెట్రో ఎక్స్‌ప్రెస్ బస్సుల్లో ఆడవాళ్ళకు ప్రయాణం ఉచితమైంది. అంచేత సికిందరాబాదు దాకా 229 నంబరు బస్సులో మా ఐదుగురిలో డబ్బిచ్చి టిక్కెట్టు కొన్న పెద్దమనిషిని నేనొక్కణ్ణే. టూరు సీటు తలకు మూడువందలు. చార్మినారు, మ్యూజియం టిక్కెట్లు వేరే. పురావస్తు శాఖవారి కట్టడాల్లో పదిహేనేళ్ళలోపు పిల్లలకు టిక్కెట్టు లేదు గనుక చార్మినారు దగ్గర మా అమ్మాయి కూడా కలిసివచ్చింది. పులిహోర, పెరుగన్నం ఇంటినుంచే కట్టుకుపోయాము. ఐదుగురం పెద్ద థియేటర్లో సినిమా చూచి, విరామంలో పేలాలు తింటే అయ్యే ఖర్చును ఇది దాటలేదు.

రోజంతా తిప్పే యాత్రలూ లేకపోలేదు. 2022లో ఆర్టీసీవారు హైదరాబాద్ దర్శిని పేరుతో శని, ఆదివారాల్లో అటువంటి బస్సులు ప్రారంభించారు. ఓపిక ఉన్నవారికి అవి మంచివే. అయితే డెబ్బై దగ్గరపడిన మనిషి వెంట ఉన్నప్పుడు నాలుగో చోటికే "మీరు చూచి రండి, నేను బస్సులో కూర్చుంటా" అనే మాట వస్తుంది. అక్కణ్ణుంచి మిగిలినవాళ్ళ మనస్సూ బస్సులోనే ఉంటుంది. మేము అరపూటను ఎంచుకోవడానికి డబ్బు ఒక కారణమైతే, పెద్దమ్మ మోకాళ్ళు రెండో కారణం.

బస్సు సికిందరాబాదు దాటి ట్యాంక్‌బండ్ ఎక్కింది. 1986లో ఈ గట్టుమీద 33 మంది తెలుగు ప్రముఖుల కంచు విగ్రహాలు నిలబెట్టారు. నన్నయ, తిక్కన, ఎర్రన, మొల్ల, వేమన, అన్నమయ్య, గురజాడ - నేను తరగతిలో రెండేళ్ళపాటు చెప్పే సాహిత్య చరిత్ర మూడు నిమిషాల్లో అయిపోయింది! తిక్కన ఎవరో మా అమ్మాయికి చెప్పేలోగానే బస్సు గట్టు దిగింది.

ఆ మూడు నిమిషాల్లోనే గైడు హుస్సేన్‌సాగరు కథ కూడా ముగించింది. అవును, గైడు ఒక అమ్మాయి. చరిత్రలో ఎం.ఏ. చేసిందట. 1562లో ఇబ్రహీం కుతుబ్‌షా కాలంలో ఈ చెరువు తవ్వించారనీ, నడుమ నిలుచున్న 58 అడుగుల బుద్ధుడు ఒకే రాతిలో మలచినవాడనీ చెప్పింది. 1990 మార్చి 10న పడవమీద తీసుకుపోతుండగా విగ్రహం నీట మునిగింది. కొందరి ప్రాణాలు పోయాయి. రెండేళ్ళకు పైగా నీటి అడుగున పడుకుని, 1992 డిసెంబరులో బుద్ధుడు మళ్ళీ లేచి నిలబడ్డాడు. ఈ మాట విని బస్సులోని పిల్లలంతా కిటికీల దగ్గరికి చేరారు.

నేను ఒక్క ముక్క కలిపాను. ఈ ఇబ్రహీం కుతుబ్‌షాయే మన కవుల మల్కిభరాముడు. అద్దంకి గంగాధరకవి తపతీ సంవరణోపాఖ్యానాన్ని ఆయనకే అంకితమిచ్చాడు. ఆయన ఉద్యోగి, పటాన్‌చెరువు అమీన్‌ఖాను. తొలి అచ్చతెలుగు కావ్యమైన పొన్నికంటి తెలగన యయాతిచరిత్రను అంకితం పుచ్చుకున్నది ఆ ఖానుగారే. "అయితే చెరువు తవ్వించినాయనకు తెలుగొచ్చన్నమాట!" అన్నారు మా వదినగారు. పాఠం ఇంత తొందరగా అందుకునే విద్యార్థులు నాకు అరుదు.

తరువాత నౌబత్ పహాడ్ మీది బిర్లా మందిరం. పూర్వం ఈ గుట్ట మీద నగారా మోగించి సర్కారు ఉత్తరువులు చాటేవారట. 1976లో వెలసిన ఈ పాలరాతి గుడిలో గంట కూడా ఉండదు. ధ్యానానికి భంగం కలగరాదని అలా ఏర్పాటు చేశారు. పెద్దమ్మకు ఇది నచ్చలేదు. "గంట కొట్టకుంటే దేవుడికి మనమొచ్చినట్టు ఎట్ల ఎరుకైతది?" అన్నది. అయినా మెట్ల మీద నిలబడి కింద చెరువునూ, దాని చుట్టూ పరుచుకున్న పట్నాన్నీ చాలాసేపు చూచింది. "గింత పెద్దగున్నదా!" అన్నది చివరకు.

ఇక్కడ గైడు సంగతి ఒకటి చెప్పాలి. తెలుగులో మనకు "ట" అని ఒక చిన్న అక్షరం ఉన్నది. "కట్టించాడు" అంటే నిలకడగా తెలిసిన మాట. "కట్టించాడట" అంటే ఎవరో చెప్పగా విన్నమాట. ఆ అమ్మాయి నోట ఈ "ట" ఎక్కడ పడాలో అక్కడే పడింది. "మహమ్మద్ కులీ కుతుబ్‌షా 1591లో చార్మినారు కట్టించాడు" అన్నది. "భాగమతి అనే ఆమెను ప్రేమించి, ఆమె పేరుతో భాగ్యనగరం వెలయించాడట" అన్నది. ఫెరిష్తా ఆ కథ రాసిపెట్టాడనీ, షేర్వానీ వంటి చరిత్రకారులు దాన్ని ఒప్పుకోలేదనీ కూడా చెప్పింది. వినేవాళ్ళకు కథా దక్కింది, నిజమేదో తేల్చుకునే వీలూ దక్కింది. ఇంతకంటే గైడు నుంచి కోరవలసిందేమున్నది?

బస్సు అఫ్జల్‌గంజ్ దాటి మూసీ మీద నయాపూల్ ఎక్కేముందు ఆ అమ్మాయి ఉస్మానియా ఆసుపత్రి వైపు చెయ్యి చూపింది. 1908 సెప్టెంబరు 28న మూసీ పొంగింది. పదిహేను వేలమంది దాకా చనిపోయారని లెక్క. నది ఒడ్డున అప్పటి ఆసుపత్రి ఆవరణలో ఒక చింతచెట్టు ఉన్నది. నూటయాభైమంది ఆ చెట్టెక్కి, కొమ్మలు పట్టుకుని బతికి బయటపడ్డారు. ఆ వరద తరువాతనే విశ్వేశ్వరయ్యగారి సలహా మీద పైన జలాశయాలు కట్టారు. 1920లో ఉస్మాన్‌సాగరు, 1927లో హిమాయత్‌సాగరు పూర్తయ్యాయి. "ఆ చింతచెట్టు ఇప్పటికీ ఆసుపత్రి లోపల ఉన్నది" అని గైడు ముగించింది.

పెద్దమ్మ నా భుజం తట్టింది. "సారూ, గా చెట్టేనా? నీళ్ళ పక్కన గోడకాడుండే చింతచెట్టు? గా చెట్టు కిందనే గదా, మీ పెద్దయ్యకు బాగలేనప్పుడు పదకొండు దినాలు నేను సద్ది విప్పుకుని తిన్నది!" అన్నది. చాలా ఏళ్ళనాటి మాట అది. పెద్దయ్యకు నయమై ఇంటికి వచ్చారు. పదకొండు రోజులు ఆ నీడలో కూర్చున్న మనిషికి ఆ చెట్టు కథ చెప్పినవారు లేరు. పనిమీద వచ్చినవాళ్ళకు ఎవరు చెబుతారు?

చార్మినారు దగ్గర మెట్లు ఇరుకు, పైగా నిటారు. పెద్దమ్మ కిందనే ఉండిపోయి లాడ్‌బజారులో వదినగారి కోసం గాజులు బేరమాడింది. మేము మొదటి అంతస్తు దాకా ఎక్కాము. నాలుగు కమానుల మీది గడియారాలు 1889లో అమర్చినవి. పైనుంచి చూస్తే మక్కా మసీదు పూర్తిగా కనబడుతుంది. 1617లో కుతుబ్‌షాహీలు మొదలుపెట్టిన ఆ మసీదు 1694లో ఔరంగజేబు హయాములో పూర్తయింది. నడుమ 1687లో గోలకొండ రాజ్యమే పోయింది. రాజులు మారినా తాపీపని ఆగలేదన్నమాట!

ఆఖరు మజిలీ సాలార్‌జంగ్ మ్యూజియం. మూడో సాలార్‌జంగు మీర్ యూసుఫ్ అలీఖాను పెళ్ళి చేసుకోలేదు. సంపాదనంతా వస్తువుల మీద పెట్టి 1949లో కన్నుమూశాడు. 1951 డిసెంబరులో ఆయన దేవిడీలోనే మ్యూజియం తెరిచారు. 1968లో మూసీ ఒడ్డున ఇప్పటి భవనానికి మార్చారు. అన్నీ చూడాలంటే వారం కావాలి. మాకున్నది గంట. గైడు తెలివిగా మూడింటి దగ్గరికే తీసుకుపోయింది. ఇటలీ శిల్పి బెంజోనీ చెక్కిన ముసుగు రెబెక్కా వాటిలో ఒకటి. "ఇంత పలచని జరీముసుగు చీరల కొట్లో కూడా చూడలేదు" అన్నది మా ఆవిడ. రాతిలో మలచిన ముసుగని తెలిసికూడా ముట్టుకుని చూడాలనిపిస్తుంది. రెండోది ముందునుంచి మెఫిస్టోఫిలిసుగానూ, వెనకనుంచి మార్గరెటాగానూ కనబడే కొయ్యబొమ్మ.

మూడోది గడియారం. పన్నెండు కావస్తుంటే జనమంతా దాని ముందు చేరారు. తలుపు తెరుచుకుని గడ్డపు బొమ్మ ఒకటి బయటికి వచ్చి పన్నెండుసార్లు గంట కొట్టి లోపలికి పోయింది. అందరూ చప్పట్లు కొట్టారు. మా అమ్మాయి మాత్రం పక్కనున్న కమ్మరి బొమ్మను చూపించింది. క్షణానికొక సుత్తిదెబ్బ చొప్పున రాత్రింబవళ్ళు కొట్టేది అదే. "నాన్నా, అసలు పని ఆయనది గదా!" అన్నది.

టూరు అక్కడితో ముగిసింది. మేడ్చల్ పోవాలంటే అఫ్జల్‌గంజ్‌లో సికిందరాబాదు బస్సు ఎక్కాలి. నయాపూల్ నడిచి దాటాము. ఎవరూ ఏమీ అనుకోకుండానే అందరం ఆసుపత్రి గేటు వైపు తిరిగాము. ఈసారి దారి చూపించింది పెద్దమ్మే. మాను చుట్టూ ఒకసారి తిరిగి, చెయ్యి ఆనించి, "నూటయాభైమందిని మోసినవా తల్లీ!" అన్నది. మా పులిహోర అక్కడే తిన్నాము.

వెళ్ళదలచినవారికి నాలుగు మాటలు. సాలార్‌జంగ్ మ్యూజియానికి శుక్రవారం సెలవు, ఆ రోజు పెట్టుకోకండి. ఎండాకాలం వద్దు. బిర్లా మందిరంలోకి సెల్‌ఫోను రానివ్వరు, దాచి ఇచ్చే చోటు గుర్తు పెట్టుకోండి. నాలుగు చోట్లకు మించి చూపిస్తామనే టూరును నమ్మకండి. గైడుకు తెలుగు వచ్చునా అని ముందే అడగండి. గోలకొండను ఈ అరపూటలో ఇరికించకండి. ఫతే దర్వాజా కింద చప్పట్లు కొట్టి బాలాహిస్సారులో వినాలన్నా, రామదాసు చెరసాల చూడాలన్నా దానికొక అరపూట వేరే కావాలి.

ఆదివారాలు పట్నంవాళ్ళు కార్లెక్కి మా షామీర్‌పేట చెరువు గట్టుకూ, జింకల పార్కుకూ వస్తుంటారు. వాళ్ళు మన ఊరు చూడడానికి పనేమీ పెట్టుకుని రారు. మనమూ ఒక ఆదివారం పని లేకుండా వాళ్ళ ఊరు పోయి వస్తే తప్పేమీ లేదు. మా వదినగారు గోలకొండకు ముహూర్తం పెట్టేశారు. పెద్దమ్మ అన్ని మెట్లెక్కదు గదా అంటే, "కింద చప్పట్లు కొట్టేటోళ్ళు గూడ ఒకరు కావాలె గదా, నేను కొడత" అంటున్నది.