ప్రకృతికి పుట్టిన వికృతి

పిడికిట్లోంచి ఇనుప గోళ్ళు బయటికి వచ్చేవాడు, కళ్ళలోంచి ఎర్రని కిరణాలు కురిపించేవాడు, ఎదుటివాని మనసులోని మాట వినగలిగిన పిల్ల - వీళ్ళు ఇప్పుడు మన ఇళ్ళలోని పిల్లలకు చుట్టాలకంటె దగ్గరివాళ్ళు. మేనత్తగారి ఊరేదంటే తడుముకునే కుర్రవాడు వీళ్ళ పేర్లు గడగడ అప్పజెబుతాడు. ఆదోని అయినా సరే, ఎమ్మిగనూరైనా సరే, ఇంట్లో ఒక సెల్‌ఫోను ఉంటే చాలు. ఈ జాతివారిని ఇంగ్లీషులో మ్యూటెంట్లు అంటారు.

ఈ మాటకు తెలుగేమిటని మా కాలేజీలో సైన్సు పిల్లలు నన్ను అడుగుతూ ఉంటారు. పాఠ్యపుస్తకాలలో ఈ మార్పును 'ఉత్పరివర్తనం' అన్నారు. మంచి మాటే కాని, నోరు తిరగడానికి రెండు పూటలు పడుతుంది. తెలుగు మేష్టర్ల దగ్గర ఇంతకంటె చిన్న మాట ఒకటి ఎప్పటినుంచో ఉన్నది. అది వికృతి.

బడిలో చదువుకున్న ప్రకృతి వికృతులు పాఠకులకు గుర్తుండే ఉంటాయి. ఆశ్చర్యం ప్రకృతి, అచ్చెరువు వికృతి. విద్య ప్రకృతి, విద్దె వికృతి. యాత్ర ప్రకృతి, జాతర వికృతి. ఎమ్మిగనూరు నీలకంఠేశ్వరస్వామి జాతరకు పోయేవారెవరూ, 'అయ్యో, యాత్ర ఎంత వికారమైపోయింది!' అని విచారించరు గదా! వ్యాకరణంలో వికృతి అంటే మారిన రూపం, అంతే. వాడుకలోకి వచ్చేసరికి ఆ మాటకు అందవిహీనమనీ అసహ్యమనీ అర్థాలు అంటుకున్నాయి. మాట సంగతి అటుంచి, మనిషి విషయంలో కూడా ఇదే జరిగిందని నా మనవి.

అసలు ఈ మార్పు ఎట్లా వస్తుంది? ఎమ్మిగనూరు చేనేతకు పేరుపడ్డ ఊరు. అక్కడ 1938లో నేతపనివారి సహకార సంఘం ఏర్పడింది. దానికి మూలపురుషుడైన మాచాని సోమప్పగారికి 1954లో పద్మశ్రీ బిరుదం లభించింది. ఆ నేతలో జకార్డు మగ్గం చూసినవారికి నేను చెప్పబోయేది సులువుగా అర్థమవుతుంది. మగ్గం పైన రంధ్రాలు కొట్టిన అట్టల దండ ఒకటి తిరుగుతూ ఉంటుంది. ఏ పడుగు దారం లేవాలో, ఏది ఉండిపోవాలో ఆ రంధ్రాలే నిర్ణయిస్తాయి. వాటి ప్రకారమే చీర మీద పువ్వు పడుతుంది. ఒక అట్టలో ఒక రంధ్రం తప్పు పడిందనుకోండి. చాలాసార్లు ఆ తేడా కంటికే ఆనదు. ఒకప్పుడు పువ్వు చెడుతుంది. ఎన్నడో ఒకసారి అనుకోని కొత్త పువ్వు పూసి, 'ఇదేదో బాగుందే' అనిపిస్తుంది. మన ఒంట్లో జన్యువులు అటువంటి అట్టల దండ. తల్లిదండ్రుల నుంచి బిడ్డకు దండ నకలు ఎత్తేటప్పుడు, అక్కడక్కడ రంధ్రం మారుతుంది. అదే వికృతి.

ఇటువంటి మార్పులకు మ్యుటేషన్ అనే పేరు ప్రచారంలోకి తెచ్చినవాడు హాలెండు దేశపు వృక్షశాస్త్రజ్ఞుడు హ్యూగో డి వ్రీస్. ఆయన గ్రంథం 1901లో వెలువడసాగింది. 1927లో అమెరికాలో ముల్లర్ అనే శాస్త్రజ్ఞుడు పండ్ల మీద ముసిరే చిన్న ఈగలకు ఎక్స్ కిరణాలు తగిలించి, ఈ మార్పులను మనిషి చేతనే రప్పించవచ్చునని నిరూపించాడు. అందుకు ఆయనకు 1946లో నోబెల్ బహుమానం వచ్చింది.

ఇక కథకులు ఊరుకుంటారా? 1935లో ఓలఫ్ స్టేపుల్‌డన్ 'ఆడ్ జాన్' అనే నవలలో, మనుష్యులను మించిన తెలివితో పుట్టిన పిల్లవాని కథ చెప్పాడు. 1940లో వాన్ వోట్ వ్రాసిన 'స్లాన్' ధారావాహికలో అటువంటి పిల్లవాణ్ణి లోకమంతా వేటాడుతుంది. 1945లో హిరోషిమా మీద బాంబు పడింది. ఆ తరువాత ఈ కథలకు భయం తోడయింది. 1954లో జపానువారు 'గాడ్జిల్లా'ను తీశారు. అదే సంవత్సరం అమెరికాలో, అణుపరీక్షల మూలాన ఏనుగులంతయిన చీమల చిత్రం వచ్చింది. 1963లో స్టాన్ లీ, జాక్ కిర్బీ కలిసి బొమ్మల కథగా 'ఎక్స్ మెన్'ను సృష్టించారు. పుట్టుకతోనే వేరుగా ఉన్న పిల్లలు వాళ్ళు. వాళ్ళను చూసి లోకం జడుసుకుంటుంది, రాళ్ళు వేస్తుంది. ఆ లోకాన్నే వాళ్ళు కాపాడుతూ ఉంటారు.

ఈ కథలన్నిటిలో నాకు నచ్చినది 1955లో జాన్ విండమ్ వ్రాసిన 'ది క్రిసలిడ్స్' అనే నవల. ఒక మహావిపత్తు తరువాతి లోకం అది. అక్కడి పెద్దలు ఏ మాత్రం తేడాగా పుట్టినవారినైనా వెలివేస్తారు. సోఫీ అనే చిన్నపిల్లకు పాదానికి ఆరేసి వేళ్ళు. ఆ సంగతి ఎవరికీ తెలియకుండా తల్లి దాస్తూ ఉంటుంది. పిల్లకున్న దోషమల్లా చిటికెనవేలంత!

హిరోషిమా, నాగసాకి నగరాలలో నిజంగా ఏమయిందో కూడా చెప్పాలి. బాంబుల నుంచి బతికి బయటపడినవారికి తరువాత పుట్టిన పిల్లలను వేల సంఖ్యలో, దశాబ్దాల తరబడి పరీక్షించారు. తల్లిదండ్రులకు తగిలిన కిరణాల మూలాన పిల్లలలో పుట్టుక లోపాలు పెరిగినట్లు స్పష్టంగా తేలలేదు. బాంబు పడేనాటికే తల్లి గర్భంలో ఉన్న కొందరు శిశువులకు మాత్రం మెదడు ఎదుగుదల దెబ్బతిన్నది. అయినా జపానులో ఆ కుటుంబాల పిల్లలకు సంబంధాలు కుదరడం ఎంతో కష్టమయింది. లెక్కలు లేదన్నదాన్ని సంబంధాలు చూసేవారు ఉన్నదన్నారు. మనకు తెలియని లోకమేమీ కాదిది!

మనవాళ్ళు ఈ కథలకు తక్కువ తిన్నారనుకోవద్దు. 2013లో వచ్చిన హిందీ చిత్రం 'క్రిష్ 3'లో, దుర్మార్గుడైన శాస్త్రజ్ఞుడు మనిషినీ జంతువునూ కలిపి ఒక సేనను పుట్టిస్తాడు. ఆ సేనను ఎదిరించే కథానాయకుడు హృతిక్ రోషన్ గారి కుడిచేతికి నిజంగానే రెండు బొటనవేళ్ళున్న సంగతి చాలామందికి తెలుసు. వికృతులను హతమార్చేవాని చేతిలోనే ఒక వికృతి! మన కర్నూలు సీమను రంగస్థలంగా చేసుకుని 2021 ఫిబ్రవరిలో ప్రశాంత్ వర్మగారి 'జాంబీ రెడ్డి' వచ్చింది. అందులో ప్రయోగం వికటించి మనుషులు మనుషులను కరిచే భూతాలవుతారు. చూసి నవ్వుకున్నాం, భయపడ్డాం. తప్పు లేదు. కాని ఇటువంటి చిత్రాలలో రూపం మారినవాడు దాదాపు ఎప్పుడూ శత్రువే. ఈ పాఠం మాత్రం పిల్లలు ఇంటికి తెచ్చుకుంటారు.

మన భారతం ఈ విషయంలో ఇంకొంచెం లోతుగా చూసింది. చేదిరాజుకు మూడు కన్నులతో, నాలుగు చేతులతో కొడుకు పుట్టాడు. బంధువులు హడలిపోయారు. బిడ్డను వదిలివేద్దామనుకున్నారు. అప్పుడు ఆకాశవాణి, భయపడవద్దు, పెంచుకొమ్మన్నది. ఎవని ఒడిలో కూర్చోబెడితే ఎక్కువయిన కన్నూ చేతులూ మాయమవుతాయో, వాడి చేతిలోనే వీనికి చావు అన్నది. ఆ బిడ్డడే శిశుపాలుడు. కృష్ణుని ఒడిలో అవి మాయమయ్యాయి. ఇక్కడ ఒక సంగతి గమనించండి. నిండుసభలో నోటికి వచ్చినట్లు దూషించి చచ్చిననాటి శిశుపాలునికి అందరిలాగే రెండు కన్నులు, రెండు చేతులు. చెడ్డతనం అతని నాలుకలో ఉన్నది గాని, పుట్టినప్పటి రూపంలో లేదు.

ఈ కథ నేను క్లాసులో చెప్పిన రోజున, వెనుక బెంచీలోని ఒక అమ్మాయి లేచింది. ఎమ్మిగనూరు దగ్గర పల్లె నుంచి వచ్చి చదువుకునే పిల్ల. పుట్టుకతో పైపెదవి చీలి ఉంటే చిన్నప్పుడు కుట్లు వేయించారు. ఆ గీత కనబడకుండా ఓణీ కొంగు ఎప్పుడూ నోటికి అడ్డం పెట్టుకునేది. ఆనాడు కొంగు తీసి అడిగింది: "సార్, అట్లా పుట్టినందుకు ఆ బిడ్డ తల్లిని ఎవురూ ఏమీ అనలేదా సార్?"

నాకు తెలిసినంతలో భారతంలో ఆ తల్లిని తప్పుపట్టిన మాట లేదు. ఆ సంగతే చెప్పాను. ఆ పిల్ల ఎందుకడిగిందో నాకు ఆమె జేజి కాలేజీకి వచ్చిననాడు తెలిసింది. "గ్రహణం పొద్దు మా కోడలు కత్తిపీట ముందర కూచుండె సార్. వద్దన్నా ఇనలా. అందుకే బిడ్డకు మొర్రి" అన్నది ఆ ముసలమ్మ, కోడలి ఎదుటనే. కోడలు నేల చూస్తూ నిలబడింది. పిల్లకు పద్దెనిమిదేళ్ళు. అంటే ఆ తల్లి పద్దెనిమిదేళ్ళుగా ఈ మాట వింటూ ఉన్నదన్నమాట.

గ్రహణమొర్రి అనే పేరులోనే మనం తీర్పు చెప్పి ఉంచాం. 1980 ఫిబ్రవరి 16న సంపూర్ణ సూర్యగ్రహణం మన పొరుగున రాయచూరు మీదుగా సాగింది. ఆనాడు వీధులు నిర్మానుష్యమై, గర్భిణులు చీకటి గదుల్లో కదలకుండా పడుకున్నారని పెద్దలు చెబుతారు. ప్రపంచంలో సుమారు 700 కాన్పులకు ఒక బిడ్డ పెదవి గాని, అంగిలి గాని చీలి పుడుతున్నది. గ్రహణం కనబడని ఏడూ పుడుతున్నారు, గ్రహణాల ఊసే ఎత్తని దేశాలలోనూ పుడుతున్నారు. గర్భం నిలిచిన తొలి రెండు మూడు నెలలలోనే పెదవి, అంగిలి అతుక్కోవాలి. కొన్ని జన్యువుల మార్పులు, తల్లికి కొన్ని పోషకాలు చాలకపోవడం, కొన్ని రకాల మందులు, పొగ - ఇటువంటివి అనేకం కలిసి ఆ అతుకును ఆపుతాయి. కత్తిపీటకు ఇందులో పాత్ర లేదు.

పెదవికి సాధారణంగా మూడు నుంచి ఆరు నెలల మధ్య, అంగిలికి ఏడాది అటూ ఇటూ వయస్సులో శస్త్రచికిత్స చేస్తారు. స్వచ్ఛంద సంస్థల సాయంతో దీనిని ఉచితంగా చేసే ఆసుపత్రులు తెలుగు రాష్ట్రాలలో ఉన్నాయి. ఆలస్యమైతే మాట ముక్కులోంచి వస్తుంది. ఇటువంటి పిల్లలకు నష్టం చేసేది చీలిక కంటె, సిగ్గుతో బిడ్డను ఇంట్లో దాచిన కాలమే.

మన పక్షపాతం ఎంత విచిత్రమో చూడండి! చేతికి ఆరో వేలుంటే అదృష్టజాతకుడంటాం. అది కూడా జన్యువుల మార్పే. సోఫీని వెలివేసిన ఊరి పెద్దలకంటె ఆ విషయంలో మనమే నయం. పెదవి దగ్గరికి వచ్చేసరికి అదే మనం ఆ ఊరి పెద్దలమవుతున్నాం.

వికృతి మేలు కూడా చేస్తుందనడానికి దూరం పోనక్కరలేదు. ఆదోని మార్కెట్ యార్డుకు పత్తి, వేరుశనగలతో పాటు ఆముదాలు కూడా వస్తాయి. ఒకప్పటి ఆముదం పైరు చేతికి రావాలంటే దాదాపు 270 రోజులు పట్టేది. 1960ల చివర మన శాస్త్రజ్ఞులు ఆ విత్తనాలకు న్యూట్రాన్ కిరణాలు తగిలించి, 'అరుణ' అనే రకం సాధించారు. అది సుమారు 120 రోజులకే పండింది. వాన నమ్మకంలేని సీమలో అయిదు నెలలు ముందుగా పంట ఇంటికి చేరడమంటే ఏమిటో రైతుబిడ్డలకు చెప్పనక్కరలేదు. తరువాత ఇంకా కొత్త రకాలు వచ్చాయి. వేరుశనగలోనూ అంతే. బొంబాయి దగ్గరి ట్రాంబేలో ఎక్స్ కిరణాలతో మార్చిన రకం 1973లో 'విక్రమ్' పేరుతో విడుదలయింది. సినిమాలో మ్యూటెంటును చూసి కేకలు వేసేవారు, ఇంటికి వచ్చి వాని దాయాదుల పప్పుతోనే చట్నీ చేసుకుంటూ ఉండవచ్చు!

వికృతులన్నీ మేలే చేస్తాయని నేననడం లేదు. కొన్ని తీరని బాధ తెచ్చిపెడతాయి. దాగి ఉన్న లోపం ఒకటే తల్లి వైపు నుంచీ తండ్రి వైపు నుంచీ కలిసినప్పుడు కొన్ని జబ్బులు బయటపడతాయి. మేనరికాలు ఎక్కువయిన మన ప్రాంతంలో, ముఖ్యంగా మేనమామకు పిల్లనిచ్చే ఇళ్ళలో, ఈ భయం ఎక్కువ. అటువంటి జబ్బు ఇంట్లో ఇదివరకే ఉంటే, ముహూర్తానికి ముందు డాక్టరు సలహా అడగడంలో నామోషీ లేదు. అడగకుండా పెళ్ళి చేసి, ఆ తరువాత కోడలి జాతకాన్ని నిందించడం అన్యాయం.

ఇంకొక్క లెక్క చెప్పి ముగిస్తాను. పుట్టే ప్రతి బిడ్డలోనూ తల్లిలో గాని, తండ్రిలో గాని లేని కొత్త మార్పులు సుమారు 60 నుంచి 70 దాకా ఉంటాయని శాస్త్రజ్ఞులు తేల్చారు. ఈ వ్యాసం వ్రాస్తున్న నాకూ ఉన్నాయి, చదువుతున్న మీకూ ఉన్నాయి. కొందరివి పైకి కనబడతాయి, మిగిలినవారివి కనబడవు. అంతే తేడా.

2027 ఆగస్టు 2న మళ్ళీ సూర్యగ్రహణం వస్తున్నది. ఆనాడు మీ ఇంట్లో గర్భిణి ఉంటే, ఆమెను ఆకలితో పడుకోబెట్టకండి. వేళకింత అన్నం పెట్టండి. డాక్టరు వ్రాసిన ఫోలిక్ ఆమ్లం బిళ్ళలు మొదటి నెలల నుంచే, వీలైతే గర్భం రాకముందు నుంచే, వేసుకుంటున్నదో లేదో కనుక్కోండి. బిడ్డ ఏ రూపంతో పుట్టినా, తల్లి వైపు ఎవరూ వేలు చూపకుండా ఇంటి పెద్దలు చూడాలి. శిశుపాలుని ఇంట ఆ మాట చెప్పడానికి ఆకాశవాణి దిగిరావలసి వచ్చింది. మన ఇళ్ళలో ఒక జేజి చెబితే చాలు.